మాస్ట్రిక్ట్ ఓట్లు, మేజర్ పాట్లు

పార్టీ విప్ ఓట్లను తేగలదు గాని ఏకాభిప్రాయాన్ని తేలేదనడానికి బ్రిటన్‌లో జాన్ మేజర్ ప్రభుత్వం పడిన పాట్లే నిదర్శనమని నా అభిప్రాయం. 1992 ఫిబ్రవరి 7న యూరోపియన్ యూనియన్‌ను ఏర్పరచిన మాస్ట్రిక్ట్ ఒప్పందంపై సంతకాలు జరిగే నాటికే, ఉమ్మడి కరెన్సీలో చేరనక్కరలేకుండా, కార్మిక హక్కులకు సంబంధించిన సామాజిక అధ్యాయం వర్తించకుండా మేజర్ మినహాయింపులు సంపాదించారు. వాటితో సొంత పార్టీలోని యూరప్ వ్యతిరేకులు చల్లబడతారనుకున్నారు. అయితే ఏప్రిల్ ఎన్నికల్లో కన్సర్వేటివ్ పార్టీకి 21 స్థానాల ఆధిక్యమే దక్కడంతో, గుప్పెడు మంది అసమ్మతి సభ్యులు తలచుకుంటే ఏ బిల్లునైనా ఆపగలిగే పరిస్థితి ఏర్పడింది.

జూన్‌లో డెన్మార్క్ ప్రజలు రెఫరెండంలో ఒప్పందాన్ని తిరస్కరించారు. సెప్టెంబర్ 16న కరెన్సీల విలువలను ఒక పరిధిలో కట్టడి చేసే యూరప్ మారకపు రేట్ల వ్యవస్థ నుంచి పౌండు వైదొలగవలసి వచ్చింది. ఈ రెండు పరిణామాలతో అసమ్మతివాదులకు ధైర్యం హెచ్చింది. నవంబర్‌లో ఒప్పందాన్ని ఆమోదించే బిల్లును ముందుకు నడిపే తీర్మానం 319–316 ఓట్లతో, బొటాబొటిగా గట్టెక్కింది.

అసలు విచిత్రం 1993 జూలై 22న జరిగింది. సామాజిక అధ్యాయం కావాలని పట్టుబట్టిన లేబర్ పార్టీతో, అసలు ఒప్పందమే వద్దన్న కన్సర్వేటివ్ తిరుగుబాటుదారులు చేతులు కలిపి, ప్రభుత్వ తీర్మానాన్ని 324–316తో ఓడించారు. కార్మిక హక్కుల మీద ఆ తిరుగుబాటుదారులకు ప్రత్యేక మమకారమేమీ లేదు. ఒప్పందాన్ని అడ్డుకోవడానికి ఆ దారి దొరికింది, అంతే. మరునాడే మేజర్ ఆ అంశాన్ని విశ్వాస పరీక్షగా మార్చేసరికి, మధ్యంతర ఎన్నికలకు జంకి దాదాపు అందరూ తిరిగివచ్చి 339–299తో గెలిపించారు. ఆ గెలుపులో భయం పాలు ఎంతో మరుసటి ఏడాదే తేలింది: 1994 నవంబర్‌లో యూరప్ బడ్జెట్ చెల్లింపుల బిల్లును సమర్థించని ఎనిమిది మందిని పార్లమెంటరీ పార్టీ నుంచి పక్కన పెట్టవలసి వచ్చింది. 1995లో మేజర్ నాయకత్వానికి రాజీనామా చేసి, మళ్ళీ పోటీకి దిగి, జాన్ రెడ్‌వుడ్‌పై 218–89తో నెగ్గినా పోరు ఆగలేదు.

1975లో లేబర్ ప్రధాని హెరాల్డ్ విల్సన్ మరో దారి పట్టారు. యూరప్ సభ్యత్వంపై రెఫరెండం పెట్టి, మంత్రులు ఎటువైపైనా ప్రచారం చేసుకోవచ్చన్నారు. టోనీ బెన్, మైకేల్ ఫుట్ మంత్రివర్గంలో ఉంటూనే సభ్యత్వాన్ని వ్యతిరేకించారు. విల్సన్ ఉపాయం శాశ్వత పరిష్కారమేమీ కాదు (1981లో లేబర్ చీలికకు యూరప్ కూడా ఒక కారణం), కానీ ప్రభుత్వం మాత్రం నిలబడింది.

మేజర్ పార్టీలో జరిగింది వేరు. మాస్ట్రిక్ట్ బిల్లుపై విప్‌ను పదేపదే ధిక్కరించిన ఇయాన్ డంకన్ స్మిత్ 2001లో అదే పార్టీకి నాయకుడయ్యారు. విప్‌కు కట్టుబడమని తన ఎంపీలను అడిగే నైతిక బలం ఆయనకు ఏపాటి ఉంటుందో ఊహించవచ్చు.