సుంకం సున్నా అయినా ఆర్డర్ మనవైపు రావడం లేదు

"ప్రతి సీజన్‌లో ఇండియా ఇండియా అంటావు, ఇది నీ దేశం మీద ప్రేమ చూపించుకునే చోటు కాదు" అని ఈమధ్య మీటింగ్‌లో, ఈత బట్టల ఆర్డర్ మన దేశానికి ఇద్దామని నేనన్నప్పుడు, అందరి ముందూ మా మేనేజర్ అనేసింది. గొంతు పెంచలేదు. ఇక్కడ సిడ్నీలో ఎవరూ పెంచరు, మామూలుగా మాట్లాడుతూనే అనేస్తారు, అందుకేనేమో ఇంకా ఎక్కువ తగులుతుంది. అప్పుడు నేనేమీ అనలేదు. ఇంటికొచ్చాక మాత్రం వంట చేస్తూ, పిల్లాడికి అన్నం పెడుతూ కూడా మనసులో ఆమెకు జవాబు చెబుతూనే ఉన్నాను. ఆ జవాబు మీకైనా చెప్పుకుందామని రాస్తున్నాను. రాస్తుంటే ఆమె మాటలో ఎంత నిజం ఉందో, నా బాధలో ఎంత నిజం ఉందో నాకూ తేలుతుందేమో.

నేను సిడ్నీలో ఆడవాళ్ల స్విమ్‌వేర్ దిగుమతి చేసి దుకాణాలకు ఇచ్చే కంపెనీలో పనిచేస్తున్నాను. సప్లయర్ల దగ్గర రేట్లు తెప్పించడం, శాంపిల్స్ చూడటం, ఇక్కడి రేవు పోర్ట్ బాటనీలో కంటైనర్ దిగేదాకా కాగితాలు సరిచూడటం నా పని. ఊళ్లో ఎవరైనా అడిగితే అమ్మ "బట్టల కంపెనీ" అని ఊరుకుంటుంది, అంతకు మించి ఎందుకు చెప్పదో మీకు వేరే చెప్పక్కర్లేదు. నాకైతే ఈ పనిలో దాచుకోవాల్సింది ఏమీ కనపడలేదు. ఇక్కడ జనమంతా సముద్రం ఒడ్డునే ఉంటారు, పిల్లలకు నడక వచ్చిన కొత్తలోనే ఈత నేర్పిస్తారు, స్కూల్లో స్విమ్మింగ్ కార్నివాల్ అని ఈత పోటీలు పెడతారు. ఈత బట్టలు వీళ్లకు స్కూలు యూనిఫాం ఎంతో అంత, ఎవరింట్లో అయినా ఉండాల్సిందే.

ఒకప్పుడు ఇవన్నీ ఇక్కడే కుట్టేవాళ్లు. ప్రపంచమంతా తెలిసిన స్పీడో 1914లో ఇదే సిడ్నీలో ఒక అల్లిక మిల్లుగా మొదలైంది. ఆ తర్వాత సుంకాలు తగ్గుతూ వచ్చాయి. బట్టల మీద దిగుమతి సుంకం 2005లో 17.5 శాతానికి, 2010లో 10 శాతానికి, 2015లో 5 శాతానికి దిగింది. దిగిన ప్రతిసారీ కొన్ని కుట్టు మిషన్లు ఆగిపోయాయి. ఇప్పుడు డిజైన్ ఇక్కడ, కుట్టు బయట. మా గోడౌన్‌లో పెట్టెల మీద లేబుళ్లు చూస్తే ఎక్కువ భాగం చైనా, ఆ తర్వాత ఇండోనేషియా, వియత్నాం, శ్రీలంక. మన దేశం పేరు కోసం నేను వెతుక్కోవాలి. వెతికితే దొరికేవి మీద వేసుకునే కాటన్ కఫ్తాన్లు, బీచ్ టవళ్లు. స్విమ్‌సూట్ మాత్రం ఉండదు.

2022 డిసెంబర్ 29న ఇండియా, ఆస్ట్రేలియా మధ్య వాణిజ్య ఒప్పందం అమల్లోకి వచ్చి మన బట్టల మీద సుంకం పోయినప్పుడు నేను ఆఫీసులో స్వీట్లు పంచాను. ఇక మన వంతు వచ్చిందనుకున్నాను. కానీ లెక్క చూడండి. ఎఫ్ఓబీ, అంటే అక్కడ ఓడ ఎక్కించేదాకా అయ్యే ధర, పది డాలర్లున్న బికినీకి 5 శాతం సుంకం అంటే యాభై సెంట్లు. ఆ యాభై సెంట్లు మనకు మిగిలాయి, నిజమే. చైనాకో? వాళ్ల ఒప్పందం 2015 డిసెంబర్‌లోనే మొదలైంది, 2019 నుంచి వాళ్ల సరుకుకూ సుంకం లేదు. బంగ్లాదేశ్, కంబోడియాలకైతే 2003 నుంచే లేదు. అంటే మనకు దొరికింది ముందు వరుసలో చోటు కాదు, అందరితోపాటు అదే వరుసలో నిలబడే హక్కు, అదీ ఆలస్యంగా. అమెరికాలో చైనా సరుకు మీద అదనపు సుంకాలు వేస్తే కొనేవాళ్లు వేరే దేశాలు వెతుక్కుంటున్నారు, ఇక్కడ ఆ అవసరమే రాలేదు. పైగా ఇప్పుడు ఆన్‌లైన్‌లో నేరుగా చైనా నుంచి ఇంటికే పార్సెల్ తెప్పించుకుంటున్నారు. వెయ్యి డాలర్ల లోపు వాటికి దిగుమతి సుంకం ఎలాగూ ఉండదు, 2018 జూలై నుంచి 10 శాతం జీఎస్టీ మాత్రం కట్టించుకుంటున్నారు. మాలాంటి హోల్‌సేల్ కంపెనీలకు టెన్షన్ అంతా వాళ్లతోనే.

మీటింగ్‌లో మేనేజర్ అడిగిన ప్రశ్న ఒకటే. రంగుకు మూడు వందల పీసులు, కొత్త ప్రింట్, ఆరు వారాల్లో బల్క్, అంటే ఆర్డర్ సరుకంతా, రెడీ, ఇచ్చే ఫ్యాక్టరీ ఒక్కటి మీ దేశంలో చూపించు అంది. ఇక్కడి మార్కెట్ చిన్నదని గుర్తుపెట్టుకోవాలి. దేశమంతా కలిపినా జనాభా రెండు కోట్ల డెబ్బై లక్షల చుట్టూ. సైజులు మాత్రం 8 నుంచి 16, ఆ పైనా ఉండాలి, వాటిలో మళ్లీ డి నుంచి జి దాకా కప్పులు. మూడు వందల పీసులను ఇన్ని సైజులకు పంచితే ఒక్కో సైజుకు పట్టుమని ఎన్నో రావు. అంత చిన్న ఆర్డర్ అంటే మన పెద్ద ఎక్స్‌పోర్టర్లు జవాబు కూడా రాయరు. యూరప్, అమెరికా వాళ్లు వేలల్లో అడుగుతుంటే మా వందలు వాళ్లకెందుకు?

చైనాలో ఎలా కుదురుతుందో నాకు చాన్నాళ్లు అర్థం కాలేదు. అక్కడ ల్యావోనింగ్‌లో షింగ్‌చెంగ్ అని ఒక ఊరు, ఆ ఊరి బతుకంతా స్విమ్‌వేరే. ఫుజియాన్‌లో జిన్‌జియాంగ్ వైపు ఇంకో పెద్ద గుంపు. నైలాన్ గుడ్డ నేసేవాడు, రంగు వేసేవాడు, డిజిటల్ ప్రింట్ కొట్టేవాడు, కప్పులు అచ్చుపోసేవాడు, క్లిప్పులు, ఎలాస్టిక్ అమ్మేవాడు, అందరూ దగ్గర దగ్గర్లోనే. పొద్దున అడిగిన ఎలాస్టిక్ సాయంత్రానికి మిషన్ మీద ఉంటుంది. ఇంకొకటి, ఉత్తరార్ధగోళానికి కావాల్సిన సరుకు అక్కడ చలికాలమంతా కుట్టి పంపేస్తారు, ఆ తర్వాత లైన్లు ఖాళీ. మాకు ఎండాకాలం డిసెంబర్‌లో కాబట్టి మా ఆర్డర్లు సరిగ్గా ఆ ఖాళీ నెలల్లో వెళ్తాయి. మిషన్ ఊరికే ఉండేకన్నా మూడు వందల పీసులైనా మేలని వాళ్లు ఒప్పుకుంటారు. ఓడ కూడా నేరుగా వచ్చేస్తుంది. మన రేవుల్లో ఎక్కినవి చాలావరకు సింగపూర్‌లోనో పోర్ట్ క్లాంగ్‌లోనో కొలంబోలోనో ఓడ మారి రావాలి.

ఇవన్నీ ఒప్పుకుంటాను. నా కోపం దీని మీద కాదు.

కిందటి సీజన్‌లో చైనా సప్లయర్ ఒకరి దగ్గర నుంచి వచ్చిన సరుకులో ఎర్ర రంగు అంచున కుట్టే తెల్ల పైపింగ్ మీదకు దిగింది. క్లోరిన్ నీళ్లలో, సముద్రపు నీళ్లలో రంగు నిలుస్తుందో లేదో చూసే టెస్టులు వేరువేరుగా ఉంటాయి, శాంపిల్ రెండూ పాసైంది, బల్క్ ఫెయిలైంది. "బల్క్‌లో అలా అవుతుంటుంది" అన్నారు, డిస్కౌంట్ మాట్లాడుకున్నారు, మళ్లీ అదే సప్లయర్‌కు ఆర్డర్ వెళ్లింది. అదే మన దేశం నుంచి శాంపిల్ రెండు వారాలు ఆలస్యమైతే "ఇండియా అంతే" అన్నారు. అక్కడ తప్పు ఒక ఫ్యాక్టరీది, ఇక్కడ తప్పు దేశం మొత్తానిది ఎలా అయింది? నేను దేశాభిమానంతో మాట్లాడుతున్నానంటే, ఈ తూకం ఏ అభిమానంతో వేస్తున్నట్టు? ఆ రోజు ఇదే అడగాలనిపించింది. ఇప్పటికీ అనిపిస్తోంది.

మీటింగ్ అయ్యాక మా క్వాలిటీ టేబుల్ దగ్గర పనిచేసే పెద్దావిడ నా దగ్గరకొచ్చి కూర్చుంది. వియత్నాం నుంచి పడవలో వచ్చిన తరం ఆవిడ. ఎనభైల్లో సిడ్నీలోని కబ్రమట్టాలో ఇంట్లోనే మిషన్ పెట్టుకుని, పీసుకు ఇంత అని స్విమ్‌సూట్లు కుట్టేదట. పిల్లలు పక్కన నిద్రపోతుంటే రాత్రి రెండింటిదాకా కుట్టేదాన్ని, పొద్దున వ్యాన్‌లో వచ్చి తీసుకెళ్లేవాళ్లు, మా గురించీ ఇలాగే అనేవాళ్లు అంది. ఆ మాట చెప్పాలని ఆవిడకేమీ లేదు. నాతో ఎప్పుడూ పనికి మించి మాట్లాడింది కూడా లేదు. తర్వాత మనవాళ్ల శాంపిల్ తెప్పించి తిరగేసి, కాలి దగ్గర ఎలాస్టిక్ సాగదీసి, జిగ్‌జాగ్ కుట్టును వేలితో తడిమి చూసింది. "కుట్టు బాగుంది. ఏ లోపమూ లేదు. గుడ్డే బాలేదు, తడిస్తే జారిపోతుంది" అంది.

నాకు ఆ మాటతో సగం కోపం తగ్గింది. ఎందుకంటే కుట్టు సంగతి నాకు ముందే తెలుసు. మా పిన్ని కూతురు అచ్యుతాపురంలో పనిచేస్తుంది. శ్రీలంకకు చెందిన బ్రాండిక్స్ అక్కడ పెట్టిన అపారెల్ సిటీలో వేలమంది ఆడపిల్లలు చుట్టుపక్కల ఊళ్ల నుంచి బస్సుల్లో వచ్చి విదేశాలకు లోదుస్తులు కుడతారు. వైర్ ఉన్న బ్రా కుట్టగలిగిన చెయ్యి కప్పుల స్విమ్‌సూట్ కుట్టలేదా? ఫోన్ చేసి అడిగితే "ఏటక్కా అలాగంతావు, కప్పు కుట్టేది నేనే కదా మా లైన్లో. గుడ్డ, ఎలాస్టిక్ మటుకు బయటి దేశాల పెట్టెల్లోంచే తీస్తాం" అంది.

అసలు చిక్కు అక్కడే ఉంది. తిరుప్పూర్ అంటే ప్రపంచానికి కాటన్ బనియన్లు, టీషర్టులు. స్విమ్‌సూట్‌కు కాటన్ పనికిరాదు. దాదాపు 80 శాతం నైలాన్, 20 శాతం ఎలాస్టేన్ అనే సాగే దారం ఉన్న గుడ్డ కావాలి, లేదంటే క్లోరిన్‌కు తట్టుకునే రకం పాలిస్టర్. సన్‌స్క్రీన్ మరక పడినా, కారు సీటు మీద ఎండలో పడేసినా మళ్లీ పాత కొలతకే రావాలి. సూరత్‌లో సింథటిక్ గుడ్డ తయారవుతుంది, కానీ సూరత్ గుడ్డ, తిరుప్పూర్ కుట్టు, ఇంకెక్కడి నుంచో వచ్చే కప్పులు, ఇవన్నీ ఒకచోట చేరేసరికి ఆరు వారాలూ రైళ్లలో, లారీల్లోనే అయిపోతాయి. దానికి తోడు 2023లో మన ప్రభుత్వం పాలిస్టర్ నారకు, దారానికి నాణ్యతా ఉత్తర్వులు పెట్టడంతో బయట నుంచి తెచ్చుకునే దారి ఇరుకైంది, 2025 నవంబర్‌లో వాటిలో కొన్ని ఎత్తేశారు. ఇంత తెలిసినా "మనవాళ్లు చేయలేరు" అన్న మాట నా నోట రాదు. దారం కొనే దగ్గర ఆగిపోయినదాన్ని కుట్టే ఆడపిల్లల మీదకు తోస్తే ఎలా?

ఇక నేను పట్టుకున్న దారి చెబుతాను. ఇక్కడ ఎండ మామూలు ఎండ కాదు. డెబ్బై ఏళ్లు వచ్చేలోపు ప్రతి ముగ్గురిలో ఇద్దరికి ఏదో ఒక చర్మ క్యాన్సర్ బయటపడుతుందని ఇక్కడ ఆరోగ్య సంస్థలు చెబుతాయి. అందుకే రాషీలు అనే పొడుగు చేతుల ఈత చొక్కాలు, ఈత లెగ్గింగులు బాగా పోతాయి. గుడ్డ ఎండను ఎంత ఆపుతుందో చెప్పే యూపీఎఫ్ కొలతకు ప్రమాణం మొదట రాసింది న్యూజిలాండ్‌తో కలిసి ఈ దేశమే. ఒళ్లంతా కప్పే బుర్కినీని తయారు చేసిన అహెదా జనెట్టి కూడా సిడ్నీ ఆవిడే. మా పిల్లాడి స్విమ్మింగ్ క్లాసు దగ్గర మన ఆడవాళ్లు చాలామంది నీళ్లలో దిగేది రాషీ, లెగ్గింగులతోనే, నేనూ అంతే. ఇక్కడ నన్ను ఎవరూ వింతగా చూడలేదు, ఆ విషయంలో ఈ దేశానికి నేను రుణపడి ఉన్నాను.

రాషీలో కప్పు లేదు, వైర్ లేదు, సైజులు తక్కువ, కాబట్టి మూడు వందలు పంచినా ఒక్కో సైజుకు చెప్పుకోదగ్గ లెక్క వస్తుంది. సాగే గుణం కూడా బికినీకి కావాల్సినంత అక్కర్లేదు, యూపీఎఫ్ 50+ వస్తే చాలు. ఒంటికి ఒరుసుకోకుండా చదునుగా ఉండే ఫ్లాట్‌లాక్ కుట్టు మన దగ్గర స్పోర్ట్స్ బట్టలు కుట్టే ప్రతి ఫ్యాక్టరీలో ఉంది. రెండు రంగులు, ఒకే గుడ్డ, తొమ్మిది నెలల ముందు ఆర్డర్ అని కాగితం మీద రాసి మేనేజర్‌కు పంపాను. ఆమె చదివి, గుడ్డను ఇక్కడి ల్యాబ్‌లో కంపెనీ ఖర్చుతోనే టెస్ట్ చేయిద్దాం, పాసైతే రంగుకు మూడు వందలు పెడదాం అని జవాబు రాసింది. ఆ రోజు అన్న మాట గురించి ఏమీ రాయలేదు, నేనూ అడగలేదు. సూరత్ మిల్లుకు, తిరుప్పూర్ ఫ్యాక్టరీకి ఒకే మెయిల్‌లో తేదీలు పంపించాను, పెద్దావిడ పేరు కూడా కాపీలో పెట్టాను, గుడ్డ వచ్చిన రోజు ముందు ఆవిడే చూడాలని.