హార్లన్ తీర్పు పిల్లలతో మొత్తం చదవండి

అమెరికాలో పిల్లల్ని పెంచుతున్న మన తెలుగువాళ్ళు వాళ్ళతో కూర్చుని చదవాల్సిన తీర్పు ఒకటుంది. 1896 నాటి ప్లెస్సీ వర్సెస్ ఫెర్గూసన్ కేసులో జస్టిస్ జాన్ మార్షల్ హార్లన్ రాసిన అసమ్మతి తీర్పు. మా అమ్మాయికి బడిలో అందులోంచి రెండు వాక్యాలు మాత్రమే ఇచ్చారు, నాకు అది చాలదనిపించి మొత్తం చదివాం.

న్యూ ఆర్లీన్స్‌లో చెప్పులు కుట్టి బతికే హోమర్ ప్లెస్సీ 1892లో తెల్లవాళ్ళ రైలు పెట్టెలో కావాలనే కూర్చుని అరెస్టయ్యాడు. రైళ్ళలో నల్లవాళ్ళని వేరుగా కూర్చోబెట్టాలన్న లూసియానా చట్టాన్ని కోర్టుకెక్కించడానికి అక్కడి పౌరుల కమిటీ ఒకటి ముందే అనుకుని చేసిన పని అది. సుప్రీంకోర్టులో ఏడుగురు జడ్జీలు ఆ చట్టం సరైనదే అన్నారు. కాదన్నది హార్లన్ ఒక్కరే. బానిసలున్న ఇంట్లో పుట్టి, ఒకప్పుడు బానిసత్వాన్ని రద్దు చేసిన 13వ సవరణనే వ్యతిరేకించిన కెంటకీ మనిషి ఆయన. అలాంటాయన "మన రాజ్యాంగానికి రంగు తెలియదు" అని రాశారు. దానికి ముందు వాక్యం ఇంకా చిన్నది: "ఇక్కడ కులం లేదు."

మా అమ్మాయి అక్కడ ఆగిపోయి "కులం అంటే ఇండియాలోది కదా నాన్నా, ఈయనకెందుకు?" అంది. నేను పాట్‌లక్‌లో కొత్తగా కలిసినవాళ్ళు చల్లగా "మీరేమిట్లు?" అని అడగడం గుర్తుచేశాను. తను చాలాసార్లు విన్నదే, ఎందుకడుగుతారో ఇప్పుడు తెలిసింది. భారత రాజ్యాంగంలో అంటరానితనాన్ని రద్దు చేసిన 17వ అధికరణ కూడా అప్పుడే చూపించాను.

అసలు చిక్కు ఆ తర్వాత వస్తుంది. అదే తీర్పులో కాస్త కిందకి వెళితే, మనకంటే ఎంతో వేరైన జాతి, మనం పౌరసత్వమే ఇవ్వనివాళ్ళంటూ చైనీయుల ప్రస్తావన తెచ్చి, అలాంటివాళ్ళు తెల్లవాళ్ళ పెట్టెలో ఎక్కొచ్చుగానీ దేశం కోసం ప్రాణాలొడ్డిన నల్ల పౌరులు ఎక్కకూడదా అని హార్లన్ వాదిస్తారు. రెండేళ్ళ తర్వాత, 1898లో, శాన్‌ఫ్రాన్సిస్కోలో పుట్టిన వాంగ్ కిమ్ ఆర్క్ పుట్టుకతోనే అమెరికా పౌరుడని కోర్టు తేల్చినప్పుడు కాదన్న ఇద్దరిలో ఈయనా ఒకరు. మా అమ్మాయి పుట్టేనాటికి మేమిద్దరం హెచ్1బీ మీద ఉన్నాం, తన పాస్‌పోర్ట్‌కి ఆధారం ఆ కేసే.

అంత గొప్ప మాట రాసినాయన గురించి ఈ గొడవంతా పిల్లలకెందుకు, అయోమయపడతారు అన్నారు ఒకరిద్దరు స్నేహితులు. నేనొప్పుకోను. ఒకరి హక్కు కోసం నిలబడుతూ ఇంకొకర్ని తక్కువ చేసి చూపడం ఎంత తేలికో ఆ పేరా చెప్పినంత బాగా ఇంకేదీ చెప్పదు. "మేం కష్టపడి చదువుకుని వచ్చాం, ఆ నల్లవాళ్ళలా కాదు" అని మన డ్రాయింగ్ రూముల్లో వినపడేదీ అదే వాదన, దిక్కు మారిందంతే. భారతీయులు తెల్లవాళ్ళ కిందికి రారు కాబట్టి పౌరసత్వం లేదని 1923లో థిండ్ కేసులో ఇదే కోర్టు చెప్పింది, ఆ తలుపు 1946 దాకా తెరుచుకోలేదు. మనం ఇంతమంది రావడానికి వీలు కల్పించిన 1965 వలస చట్టమైతే నల్లవాళ్ళు రోడ్డెక్కి దెబ్బలు తిని సాధించుకున్న పౌరహక్కుల చట్టం వచ్చిన మరుసటి ఏడాదే వచ్చింది.

అందుకే "ఆ నల్లవాళ్ళలా కాదు" అన్న మాట మా ఇంట్లో ఎవరన్నా, ఇండియా నుంచి వచ్చిన పెద్దవాళ్ళయినా సరే, పిల్లల ముందే అడ్డుపడి ఈ సంగతులన్నీ చెబుతున్నాం.