వీల్‌బేస్‌లో పెరిగిన ఆ జానెడు ఎక్కడికి పోయింది?

కాంపాక్ట్ క్రాసోవర్ల (కారు నిర్మాణం మీదే ఎత్తుగా కట్టిన చిన్న ఎస్‌యూవీల) గురించి మాట్లాడుకునేటప్పుడు ఇంజిన్ శక్తి, మైలేజీ, డ్యాష్‌బోర్డు మీది తెర పరిమాణం అన్నీ అయిపోయాక గానీ వీల్‌బేస్ ప్రస్తావన రాదు. వచ్చినా, ఎక్కువ ఉంటే మంచిదన్న ఒక్క మాటతో ఆ చర్చ ముగిసిపోతుంది. ముందు చక్రం కేంద్రం నుంచి వెనక చక్రం కేంద్రం దాకా ఉండే దూరమే వీల్‌బేస్. ఈ తరగతి బండ్లలో చాలావాటికి అది 2,500 నుంచి 2,700 మి.మీ. మధ్య ఉంటుంది కాబట్టి, చిన్నదానికీ పెద్దదానికీ ఉన్న తేడా నిజానికి జానెడు కూడా కాదు. ఆ కొద్దిపాటి దూరం వల్ల ప్రయాణ సుఖం, మలుపుల్లో నడక ఎంతవరకు మారతాయన్నది ఆ అంకె ఒక్కటీ చూసి చెప్పగలిగే విషయం కాదనీ, పెరిగిన దూరాన్ని తయారీదారు దేనికోసం ఖర్చుపెట్టాడన్నదే అసలు ప్రశ్న అనీ నా అభిప్రాయం.

ముందు సుఖం సంగతి చూద్దాం. గంటకు 36 కి.మీ. వేగమంటే సెకనుకు సరిగ్గా 10 మీటర్లు. ఆ వేగంతో 2.6 మీటర్ల వీల్‌బేస్ ఉన్న బండి ఒక గతుకును దాటితే, ముందు చక్రాలకు తగిలిన దెబ్బ వెనక చక్రాలకు 0.26 సెకను ఆలస్యంగా తగులుతుంది. సాధారణంగా కారు బాడీ తన స్ప్రింగుల మీద సెకనుకు ఒకటి నుంచి ఒకటిన్నరసార్లు ఊగుతుంది కాబట్టి, వెనక భాగం ఊపు మొదలుపెట్టే సమయానికి ముందు భాగం తన ఊపులో దాదాపు మూడో వంతు పూర్తిచేసి ఉంటుంది. ఈ రెండు ఊపులకూ పొంతన కుదరకపోవడం వల్లే బండి ముక్కు లేచి తోక దిగడం, తోక లేచి ముక్కు దిగడం జరుగుతుంది. నేరుగా పైకీ కిందికీ కదిలే కదలిక కన్నా మనిషిని ఎక్కువగా అలసటకు గురిచేసేది ఈ ముందువెనకల ఊపే.

1930ల తొలినాళ్లలో జనరల్ మోటార్స్‌లో పనిచేసిన మోరిస్ ఆలీ అనే ఇంజినీరు ఈ విషయాన్ని లోతుగా పరిశీలించాడు. కారుకు ముందూ వెనకా జరపడానికి వీలైన బరువులు కట్టి, బరువు పంపిణీ మారితే లోపల కూర్చున్నవారికి ఎలా ఉంటుందో చూశాడు. ముందు సస్పెన్షన్ (చక్రాలనూ బాడీనీ కలిపే స్ప్రింగుల అమరిక) వెనకదాని కన్నా మెత్తగా, అంటే కాస్త నిదానంగా ఊగేలా ఉంటే, ఆలస్యంగా మొదలైన వెనక ఊపు ముందు ఊపును అందుకుని రెండూ కలిసిపోతాయనీ, బండి సమతలంగా లేచి దిగుతుందనీ ఆయన తేల్చాడు. ఈ సూత్రం ఇప్పటికీ సస్పెన్షన్ రూపకల్పనలో వాడుకలోనే ఉంది. అయితే ఆలస్యం అన్నది వేగాన్ని బట్టి మారేది కాబట్టి, ఒక వేగం దగ్గర చక్కగా కుదిరిన ఈ పొంతన మరో వేగం దగ్గర అంత చక్కగా కుదరదు.

ఇక్కడ చాలామంది పట్టించుకోని విషయం ఒకటుంది. వీల్‌బేస్ పెరిగితే ముందువెనక దెబ్బల మధ్య ఆలస్యం తగ్గదు, కొద్దిగా పెరుగుతుంది. అందుచేత పొడవు వీల్‌బేస్ వల్ల కలిగే లాభం సమయంలో లేదు, కోణంలో ఉంది. ముందు భాగం వెనక భాగం కన్నా 50 మి.మీ. పైకి లేచిందనుకుంటే, 2,500 మి.మీ. వీల్‌బేస్ ఉన్న బండి దాదాపు 1.15 డిగ్రీలు వంగుతుంది, 2,700 మి.మీ. బండి 1.06 డిగ్రీలు వంగుతుంది. కాగితం మీద ఇది స్వల్పమే. కానీ క్రాసోవర్‌లో సీట్లు ఎత్తుగా ఉంటాయి కనుక, బండి ముందువెనకలకు వంగినప్పుడల్లా కూర్చున్నవారి తల ఆ ఎత్తుకు తగ్గట్టు ముందుకూ వెనక్కూ ఎక్కువ దూరం కదులుతుంది. ప్రకంపనల వల్ల మనిషికి కలిగే అసౌకర్యాన్ని కొలిచే ఐఎస్ఓ 2631 ప్రమాణం ప్రకారం, నిలువు కదలికల్లో సెకనుకు 4 నుంచి 8 సార్లు వచ్చేవి, ముందువెనక కదలికల్లో సెకనుకు 1 నుంచి 2 సార్లు వచ్చేవి శరీరానికి ఎక్కువగా తెలుస్తాయి. కారు బాడీ ఊగే వేగం సరిగ్గా ఆ రెండో పరిధిలోకే వస్తుంది. తక్కువ ఎత్తున్న సెడాన్‌లో ఇబ్బంది పెట్టని ఊపు అంతే వీల్‌బేస్ ఉన్న క్రాసోవర్‌లో మెడకు పని పెట్టడానికి కారణమిదే.

రోడ్డు మీది ఎగుడుదిగుళ్ల నిడివి కూడా ఈ లెక్కలోకి వస్తుంది. ఒక ఉబ్బు నుంచి తర్వాతి ఉబ్బుకు ఉన్న దూరం వీల్‌బేస్‌కు సమానంగా ఉంటే నాలుగు చక్రాలూ ఒకేసారి లేస్తాయి, బండి నిటారుగా పైకీ కిందికీ కదులుతుంది. ఆ దూరం వీల్‌బేస్‌కు రెట్టింపయితే ముందు చక్రాలు ఉబ్బు మీద ఉన్నప్పుడు వెనక చక్రాలు పల్లంలో ఉంటాయి, అప్పుడు ముందువెనకల ఊపు పరాకాష్ఠకు చేరుతుంది. అందువల్ల ఒకే రోడ్డు మీద, ఒకే వేగంతో వెళ్తున్న రెండు బండ్లలో ఒకటి హాయిగానూ మరొకటి చికాకుగానూ అనిపించినంత మాత్రాన మొదటిదాని సస్పెన్షన్ గొప్పదని తీర్మానించడానికి వీల్లేదు. ఆ రోడ్డు కొలతలు దానికి కలిసివచ్చి ఉండవచ్చు.

అసలైన తేడా తెలిసేది వెనక సీటులో. తూగుడుబల్ల చివర కూర్చున్నవాడు ఎగిరినంతగా మధ్యకు దగ్గరగా కూర్చున్నవాడు ఎగరడు. కారులోనూ అంతే, వెనక ఇరుసుకు ఎంత దగ్గరగా కూర్చుంటే ఆ చక్రానికి తగిలే దెబ్బ అంత పూర్తిగా అందుతుంది. 2,500 మి.మీ. వీల్‌బేస్ ఉన్న బండిలో వెనక కూర్చున్నవారి నడుము వెనక ఇరుసుకు 300 మి.మీ. ముందుందని అనుకుందాం. వెనక భాగం 50 మి.మీ. లేస్తే, కేవలం జ్యామితి ప్రకారం వారు 44 మి.మీ. లేస్తారు. ఇప్పుడు సీటును కదపకుండా వెనక చక్రాలను మాత్రం 200 మి.మీ. వెనక్కు జరిపితే వారు లేచేది 41 మి.మీ.కు తగ్గుతుంది. అదే 200 మి.మీ.తో పాటు సీటును కూడా వెనక్కు జరిపి కాళ్లకు చోటు పెంచారనుకోండి, ఇరుసుకూ నడుముకూ మధ్య దూరం మళ్లీ 300 మి.మీ. అవుతుంది, లేచే ఎత్తు మళ్లీ 44 మి.మీ.కే వస్తుంది. అంటే విశాలమైన లెగ్‌రూమ్, మెత్తని వెనక సీటు ప్రయాణం అనే రెండు లాభాలనూ ఒకే జానెడు పొడవులోంచి పూర్తిగా పొందడం కుదరదు. ప్రకటనలు మాత్రం రెండింటినీ ఒకే వాక్యంలో చెబుతాయి.

బండిలో ఆ దూరాన్ని దేనికి ఖర్చుపెట్టారో తెలుసుకోవడానికి టేపు పెట్టి కొలవనక్కర్లేదు, వెనక తలుపు తెరిచి చూస్తే చాలు. చక్రం పైనున్న వంపు తలుపు కింది మూలను లోతుగా కోసేసి, ఎక్కేటప్పుడు ఆ వంపు మోకాలికీ బట్టలకూ రాసుకుంటూ ఉంటే, సీటు దాదాపు ఇరుసు మీదే ఉందని అర్థం. తలుపు వెనక అంచు కింది దాకా ఇంచుమించు నిటారుగా దిగితే, చక్రం సీటుకు బాగా వెనక ఉన్నట్టు.

ఇక నడిపేవారి వైపు వద్దాం. ఇక్కడ వీల్‌బేస్ ప్రభావం నిస్సందేహంగా కనిపించేది తక్కువ వేగంలో, ఇరుకు మలుపుల్లో. బయటివైపు ముందు చక్రం గరిష్ఠంగా 30 డిగ్రీలు తిరుగుతుందనుకుంటే, 2,500 మి.మీ. బండి టర్నింగ్ రేడియస్ (స్టీరింగ్ పూర్తిగా తిప్పినప్పుడు బండి గీసే వృత్తం వ్యాసార్ధం) 5 మీటర్లు, 2,700 మి.మీ. బండిది 5.4 మీటర్లు వస్తుంది. సుజుకి జిమ్నీ క్రాసోవర్ కాదు గానీ, ఈ విషయానికి అంతకన్నా స్పష్టమైన ఉదాహరణ దొరకదు. మూడు తలుపుల జిమ్నీ వీల్‌బేస్ 2,250 మి.మీ., టర్నింగ్ రేడియస్ 4.9 మీటర్లు, అదే బండిని 340 మి.మీ. సాగదీసి చేసిన ఐదు తలుపుల రకానికి ఆ రేడియస్ 5.7 మీటర్లకు పెరిగింది. అలాగని పొడవు వీల్‌బేస్ ఉన్న ప్రతి బండీ యూటర్న్‌లో తిప్పలు పెడుతుందనుకోవడం తప్పు. ఫోక్స్‌వ్యాగన్ ఐడీ.4 వీల్‌బేస్ దాదాపు 2.77 మీటర్లు ఉన్నా, మోటారు శక్తి వెనక చక్రాలకు మాత్రమే అందే రకం 10.2 మీటర్ల వ్యాసంలోనే, అంటే 5.1 మీటర్ల రేడియస్‌లోనే తిరిగిపోతుంది. ముందు భాగంలో అడ్డంగా కూర్చునే ఇంజిన్, గేర్‌బాక్స్ లేవు కాబట్టి ముందు చక్రాలు మరింత కోణంలో తిరగడానికి చోటు దొరికింది. చక్రం ఎంతవరకు తిరుగుతుందన్న విషయం వీల్‌బేస్‌తో సమానంగా లెక్కలోకి రావాలి.

మలుపులో వెనక చక్రాలు ముందు చక్రాల దారికన్నా లోపలికి కోసుకుపోవడం కూడా వీల్‌బేస్‌తో పెరుగుతుంది. ముందు చక్రం 6 మీటర్ల వ్యాసార్ధంలో తిరుగుతున్నప్పుడు ఈ కోత 2,500 మి.మీ. బండిలో సుమారు 55 సెం.మీ., 2,700 మి.మీ. బండిలో 64 సెం.మీ. ఉంటుంది. స్తంభాల మధ్య పార్కు చేసేవారికి ఆ 9 సెంటీమీటర్ల విలువ వివరించి చెప్పనక్కర్లేదు.

వేగం పెరిగేకొద్దీ ఈ ప్రభావం పలచబడుతుంది. తక్కువ వేగంలో స్టీరింగ్‌ను ఒకే కోణానికి తిప్పితే పొట్టి వీల్‌బేస్ బండి ఎక్కువ చురుగ్గా తిరుగుతుంది, ఆ చురుకుదనం నిజమే. హైవే వేగానికి వచ్చేసరికి టైర్ల పట్టు, ముందువెనక బరువుల నిష్పత్తి, సస్పెన్షన్ అమరిక కలిసి ఆ చురుకుదనాన్ని ఎక్కువగా నిర్ణయిస్తాయి. ఆపైన స్టీరింగ్ రేషియోను, అంటే స్టీరింగ్ ఎంత తిప్పితే చక్రాలు ఎంత తిరగాలన్న లెక్కను మార్చి పొడవు బండిని చురుగ్గానూ, పొట్టి బండిని నింపాదిగానూ అనిపించేలా చేయడం ఇంజినీర్లకు కష్టమేమీ కాదు. పొడవు వీల్‌బేస్‌కు నికరంగా మిగిలే ప్రయోజనం తిన్నగా సాగే నిలకడ. బరువు కేంద్రం నుంచి చక్రాలు దూరంగా ఉన్నప్పుడు, పక్కగాలికో రోడ్డు గాడికో బండి దారి తప్పబోతే టైర్లు దాన్ని మళ్లీ గాడిలో పెట్టడానికి వాటికి పొడవైన మీట దొరికినట్టవుతుంది.

బ్రేకు వేసినప్పుడు ముక్కు కుంగే విషయంలో మాత్రం వీల్‌బేస్‌కు ఇవ్వాల్సిన దానికన్నా ఎక్కువ గౌరవం ఇస్తున్నామనిపిస్తుంది. 1,500 కిలోల బండి, 0.65 మీటర్ల ఎత్తులో గురుత్వ కేంద్రం, గట్టి బ్రేకు వల్ల 0.8 జీ (గురుత్వ త్వరణానికి 0.8 రెట్లు) మందగమనం అనుకుంటే, 2.6 మీటర్ల వీల్‌బేస్‌తో వెనక నుంచి ముందుకు మారే భారం 300 కిలోలు. వీల్‌బేస్‌ను 2.7 మీటర్లకు పెంచితే అది 289 కిలోలవుతుంది. వీల్‌బేస్‌ను కదపకుండా గురుత్వ కేంద్రాన్ని 25 మి.మీ. కిందికి దించినా ఇంచుమించు అదే ఫలితం వస్తుంది.

పక్కకు ఒరగడం, బోల్తాపడే ప్రమాదం అసలు వీల్‌బేస్ ఖాతాలోవి కావు, అవి బండి ఎత్తుకూ, ఎడమ కుడి చక్రాల మధ్య దూరానికీ సంబంధించినవి. 1997లో స్వీడన్‌లో ఒక మోటారు పత్రిక జరిపిన పరీక్షలో, అడ్డంకిని తప్పించుకునే మలుపు వద్ద మెర్సిడెస్ ఏ-క్లాస్ బోల్తాపడింది. దాని వీల్‌బేస్ 2,423 మి.మీ. మాత్రమే. కంపెనీ ఆ లోపాన్ని సరిదిద్దినప్పుడు వీల్‌బేస్ జోలికి పోలేదు. సస్పెన్షన్‌ను మార్చి, బండి అదుపు తప్పకుండా చూసే ఎలక్ట్రానిక్ వ్యవస్థను అన్ని రకాలకూ అమర్చింది.

మొత్తం పొడవుతో కలిపి చూసినప్పుడే వీల్‌బేస్ అంకెకు అర్థం వస్తుంది. 2019 మోడల్ టొయోటా ర్యావ్4 పొడవు 4.6 మీటర్లు, వీల్‌బేస్ 2,690 మి.మీ.; హ్యుందాయ్ అయానిక్ 5 పొడవు దానికన్నా కేవలం 35 మి.మీ. ఎక్కువ, వీల్‌బేస్ మాత్రం 3,000 మి.మీ. చక్రాలను చివరలకు నెట్టి, మధ్యలో నేల కింద బ్యాటరీ పరచడం వల్ల ఇది సాధ్యమైంది. దానికి మూల్యంగా తిరగడానికి దాదాపు 12 మీటర్ల వ్యాసం కావలసి వచ్చింది. ఫోక్స్‌వ్యాగన్ టిగువాన్‌ను సాగదీసి ఆల్‌స్పేస్ చేసినప్పుడు పొడవు 215 మి.మీ. పెరగగా, అందులో వీల్‌బేస్‌కు చేరింది 110 మి.మీ. మాత్రమే. మిగిలినది ఇరుసుల అవతలి భాగానికి పోయింది. ఇరుసుల అవతల వేలాడే బరువు బండి దిశ మార్చేటప్పుడు బద్ధకాన్ని పెంచుతుందే తప్ప నిలకడకు తోడ్పడదు.

క్రాసోవర్ కొనేవారిలో గ్రౌండ్ క్లియరెన్స్ (నేలకూ బండి పొట్టకూ మధ్య ఎత్తు) చూసేవారు చాలామందే ఉంటారు, దాన్ని వీల్‌బేస్‌తో కలిపి చూసేవారు తక్కువ. ఎత్తైన స్పీడ్ బ్రేకర్ మీద బండి పొట్ట గీసుకోవడం ఈ రెండింటి నిష్పత్తిని బట్టి ఉంటుంది. 2,500 మి.మీ. బండికి 200 మి.మీ. క్లియరెన్స్ ఇచ్చే భరోసానే 2,700 మి.మీ. బండి ఇవ్వాలంటే దానికి 216 మి.మీ. కావాలి. జిమ్నీలో పొట్ట తగలకుండా ఉబ్బును దాటగలిగే కోణం మూడు తలుపుల రకానికి 28 డిగ్రీలుంటే, ఐదు తలుపుల రకానికి 24 డిగ్రీలకు పడిపోయింది.

ఇన్ని లెక్కలు చెప్పాక కూడా, చక్రాల పరిమాణం వీటిలో సగాన్ని తారుమారు చేయగలదని ఒప్పుకోక తప్పదు. ఒకే బండిలో 17 అంగుళాల చక్రాలున్న రకానికీ, పలుచని టైరుతో 19 అంగుళాల చక్రాలున్న రకానికీ గతుకుల మీద వచ్చే తేడా, వీల్‌బేస్‌లో 50 మి.మీ. తేడా ఉన్న రెండు వేర్వేరు బండ్ల మధ్య తేడాను సులువుగా మించిపోతుంది. కాబట్టి టెస్ట్ డ్రైవ్‌కు వెళ్లేవారు తాము కొనబోయే రకాన్నే, అవే చక్రాలతో అడగాలి. కాసేపు స్టీరింగ్ మరొకరికి అప్పగించి వెనక సీటులో కూర్చుని, ఒకే స్పీడ్ బ్రేకర్‌ను ఒకసారి నిదానంగా, మరోసారి కాస్త వేగంగా దాటించమని చెప్పాలి. వెనక చక్రాలు దిగిన తర్వాత బండి ఒక్క ఊపుతో కుదురుకుంటోందా, ముక్కూ తోకా మరో రెండు మూడుసార్లు ఊగుతున్నాయా అన్నది కళ్లు మూసుకున్నా తెలుస్తుంది.