నాన్న పత్తి చేను మీద తాళం గుర్తు

2020 మార్చిలో నాన్న మోకాలి నొప్పి చూపించుకోవడానికి హైదరాబాద్ వచ్చాడు. నాలుగు రోజుల్లో వెళ్ళిపోవాల్సిన మనిషి లాక్‌డౌన్‌లో మా దగ్గరే ఇరుక్కుపోయాడు. పల్నాడులో మాకు నాలుగెకరాలు, పత్తి, మిరప. జీవితమంతా చేలో గడిపిన మనిషికి మూడో అంతస్తు ఫ్లాట్‌లో పొద్దు ఎలా గడుస్తుంది? తెల్లారుజామున నాలుగింటికే లేచి, కాఫీ తాగి, ఇంకేం చెయ్యాలో తెలియక సోఫాలో కూర్చుండిపోయేవాడు.

అప్పటికి నా దగ్గర పీఎస్4 ఉంది, టీవీకి తగిలించి ఆటలాడే సోనీ కన్సోల్. స్నేహితులతో ఆన్‌లైన్‌లో ఫుట్‌బాల్ ఆడటానికి ప్లేస్టేషన్ ప్లస్ అనే సోనీ సబ్‌స్క్రిప్షన్ తీసుకున్నాను. అది ఉన్నవాళ్ళకి నెలనెలా రెండో మూడో ఆటలు వస్తాయి. ఆ మే నెలలో వచ్చినవి సిటీస్ స్కైలైన్స్, ఫార్మింగ్ సిమ్యులేటర్ 19. రెండూ లైబ్రరీలో చేర్చుకుని, రెండోది ఊరికే ఎలా ఉంటుందో చూద్దామని పెట్టాను. పక్కన కూర్చున్న నాన్న ముందుకి వంగాడు.

"ఏందిరా అది, ట్రాక్టరా?"

చేతికిచ్చాను. కంట్రోలర్ మీద ఆర్2 బటన్ నొక్కితే ముందుకి, ఎల్2 నొక్కితే బ్రేకు, ఎడమ బొటనవేలితో స్టీరింగు. మొదటి రోజు రెండుసార్లు కంచెకి గుద్దాడు. మూడో రోజుకి చాళ్ళు తాడు పట్టి కొట్టినట్టు తిన్నగా వచ్చాయి. వారం తిరిగేసరికి "వరి లేదేందిరా ఇందులో?" అని నిలదీశాడు. నిజంగానే ఆ ఆటలో వరి లేదు. 2024 నవంబరులో వచ్చిన ఫార్మింగ్ సిమ్యులేటర్ 25లో గానీ వరి పెట్టలేదు. కానీ పత్తి ఉంది. పత్తి తీసే పెద్ద మిషన్ చేలో దిగి, వెళ్ళినంత మేరా తెల్లటి చేను ఖాళీ చేసుకుంటూ పోతుంటే నాన్న ఆట ఆపి చాలాసేపు చూస్తూ ఉండిపోయాడు. "మనకాడ ఇంత చేను తియ్యాలంటే ముప్ఫై మంది కూలోళ్ళు కావాలి, వారం పట్టుద్ది" అన్నాడు.

అందులో బ్యాంకు అప్పు కూడా ఉంటుంది. పంట అమ్మిన ప్రతిసారీ నాన్న మొదట చేసే పని అప్పు తీర్చడం. కొత్త ట్రాక్టర్ కొనుక్కోమని నేనెంత చెప్పినా వినలేదు. అప్పు సున్నా అయిన రోజు అమ్మకి ఊరికి ఫోన్ చేసి మరీ చెప్పాడు.

ఆ తర్వాత ఏటా వేసవిలో వచ్చినప్పుడల్లా అదే పొలం, అదే సేవ్ (ఆట ఎక్కడిదాకా వచ్చిందో దాచుకునే ఫైలు). 2022లో మోకాలికి ఆపరేషన్ అయింది. ఊళ్ళో పొలం కౌలుకి ఇచ్చేశాడు. ఆయన స్వయంగా చేస్తున్న సేద్యం ఇక మా ఇంట్లో టీవీ మీద ఉన్నదొక్కటే. ఫోన్ చేసినప్పుడు పిల్లల సంగతి అడిగాక "నా చేను ఉందా?" అని అడుగుతాడు. అందుకే ఈ గొడవంతా పడ్డాను.

2025 నవంబరు చివర్లో నా ప్లస్ రెన్యువల్ ఉంది. నేను ఫుట్‌బాల్ ఆడటం మానేసి రెండేళ్ళయింది. పైగా 2026 జనవరి నుంచి నెలవారీ ఆటల్లో పీఎస్4 ఆటలు ముఖ్యంగా ఉండవని, పీఎస్5 మీదే దృష్టి పెడతామని సోనీ ముందే చెప్పింది. నా దగ్గర ఉన్నది పీఎస్4. అంటే ఇక ఏడాది డబ్బు కట్టేది నాన్న పొలం కోసమే. ఆ డబ్బు పెట్టి ఆ ఆటే కొనేస్తే సరిపోదా అనిపించింది.

మొదట తెలుసుకోవాల్సింది, నాకు అయిదేళ్ళు పట్టినా తలకెక్కనిది ఒకటుంది. "లైబ్రరీలో చేర్చు" అని నొక్కినంత మాత్రాన ఆట మనది కాదు. ప్లస్ కింద తీసుకున్న ప్రతి ఆటా, నెలవారీదైనా, ఖరీదైన ప్లాన్‌లలో దొరికే కేటలాగ్‌దైనా, సబ్‌స్క్రిప్షన్ అయిపోగానే తాళం పడుతుంది. మళ్ళీ కడితే, నెలవారీ ఆటలు లైబ్రరీలో ఎక్కడున్నవి అక్కడే తెరుచుకుంటాయి. డబ్బిచ్చి కొన్నవి, ప్లస్ వాళ్ళకిచ్చే తగ్గింపులో కొన్నవైనా సరే, మనకి ఉండిపోతాయి. ఒక చిక్కుంది. ప్లస్ ఆటకి విడిగా డబ్బు పెట్టి అదనపు భాగాలు కొని ఉంటే అవి మనవే, కానీ అసలు ఆటకి తాళం పడితే వాటిని ఆడేదెక్కడ?

ఆటో రెన్యువల్ ఆపేశాను. ఆపిన వెంటనే ఏమీ పోదు, కట్టిన గడువు దాకా అన్నీ నడుస్తాయి. ఆ మిగిలిన పన్నెండు రోజులు సేవ్‌ల మీద పెట్టాను. క్లౌడ్‌లో దాచుకోవడం ప్లస్ ఉన్నవాళ్ళకే కాబట్టి, దించుకోవాల్సిందేమైనా ఉంటే గడువులోపే దించుకోవాలి. కన్సోల్‌లో ఉన్న సేవ్ మాత్రం సబ్‌స్క్రిప్షన్ పోయినా చెరిగిపోదు. అయినా ఆ పాత హార్డ్ డిస్క్‌ని నమ్ముకోదలచుకోలేదు. పీఎస్4లో సెట్టింగ్స్‌లోకి వెళ్ళి, అప్లికేషన్ సేవ్డ్ డేటా మేనేజ్‌మెంట్‌లో సిస్టమ్ స్టోరేజ్ ఎంచుకుంటే యూఎస్‌బీకి కాపీ చేసే దారి ఉంటుంది. నా పెన్‌డ్రైవ్‌ని మొదట తీసుకోలేదు, అది ఎన్‌టీఎఫ్ఎస్ అనే ఫార్మాట్‌లో ఉంది. ఎక్స్‌ఫ్యాట్ ఫార్మాట్‌కి మార్చాక తీసుకుంది. 212 గంటల సేద్యం ఒక నిమిషంలోపే పెన్‌డ్రైవ్‌లోకి వచ్చేసింది. దాన్ని లాప్‌టాప్‌లో ఇంకో కాపీ చేసి పెట్టాను. పీఎస్5 వాళ్ళకి ఈ వెసులుబాటు పీఎస్4 ఆటల సేవ్‌లకే. పీఎస్5 ఆట సేవ్‌ని ఒక్కదాన్నీ విడిగా యూఎస్‌బీకి తీసుకోవడం కుదరదు. కన్సోల్ మొత్తాన్ని బ్యాకప్ తీసుకోవాలి, లేదంటే క్లౌడే దిక్కు. మా తమ్ముడు పీఎస్5 వాడతాడు. వాడికి ఇది చెబితే నమ్మలేదు, మెనూ అంతా వెతికి చూసుకున్నాడు.

ఇక ఆట కొనడం. అదే అకౌంటుతో స్టోర్‌లో కొనడం అన్నిటికంటే సుఖమైన దారి. సేవ్ ఆగిన చోటి నుంచి సాగుతుంది. కానీ ఈ ఆట ఒక్కటి డిస్క్ రూపంలో ఇంట్లో ఉండాలని నాకు పట్టుదల. సంక్రాంతికి కన్సోల్‌ని ఊరికి తీసుకెళ్ళాలన్న ఆలోచన అప్పుడే పుట్టింది. మా ఆవిడ తమ్ముడు డల్లాస్‌లో ఉంటాడు, డిసెంబరులో వస్తున్నాడు. "బావా, ఇక్కడ పాత డిస్క్‌లు అమ్మే షాపులో ఉంది, చాలా చవక, తెచ్చేస్తా" అన్నాడు. సరేనన్నాను.

నవంబరు 28 రాత్రి గడువు అయిపోయింది. మర్నాడు పొద్దున కన్సోల్ పెడితే ఫార్మింగ్ సిమ్యులేటర్ బొమ్మ పక్కన చిన్న తాళం గుర్తు. అలా ఉంటుందని తెలుసు. అయినా మనసు కలుక్కుమంది. ఆ వారంలో నాన్న ఫోన్ చేసి ఎప్పటిలాగే "నా చేను ఉందా?" అన్నాడు. ఉంది నాన్నా అన్నాను.

డిసెంబరు మూడో వారంలో డిస్క్ వచ్చింది. పీఎస్4లో ఆట తీసేసినా సేవ్ పోదు, రెండూ వేర్వేరు చోట్ల ఉంటాయి. అది తెలిసి కూడా "డిలీట్" మీద వేలు పెట్టే ముందు పెన్‌డ్రైవ్ ఇంకోసారి తెరిచి చూసుకున్నాను. పాతది తీసేసి, డిస్క్ పెట్టి, ఎక్కించి, తెరిచాను. సేవ్‌లు ఉండాల్సిన గళ్ళన్నీ ఖాళీ.

గుండె జారిపోయింది. పెన్‌డ్రైవ్ నుంచి మళ్ళీ కన్సోల్‌లోకి కాపీ చేశాను. ఊహూఁ. మా ఆవిడ వచ్చి "ఏమైంది?" అంటే సమాధానం చెప్పలేకపోయాను. మా బామ్మర్ది అంతకంటే కంగారుపడ్డాడు, తప్పు తనదే అన్నట్టు.

ఆ రాత్రి పెన్‌డ్రైవ్‌ని లాప్‌టాప్‌కి పెట్టి ఒక్కో ఫోల్డర్ విప్పుకుంటూ పోయాను. పీఎస్4, అందులో సేవ్‌డేటా, అందులో అర్థంకాని అంకెలూ అక్షరాలూ ఉన్న ఒక ఫోల్డర్ (అది నా అకౌంటు), దాని లోపల సీయూఎస్ఏ అని మొదలై అయిదు అంకెలతో ముగిసే పేరు. డిస్క్ చేతిలోకి తీసుకుని చూశాను. దాని మీద కూడా చిన్న అక్షరాల్లో సీయూఎస్ఏ, అయిదు అంకెలు. ఆ అంకెలు వేరు. అప్పుడర్థమైంది. ఒకే ఆటని అమెరికాకి ఒక నంబరుతో, యూరప్‌కి ఇంకో నంబరుతో విడుదల చేస్తారు. మన ఇండియా అకౌంట్లకి వచ్చేది యూరప్ వరుసలోది. కన్సోల్ ఏ దేశపు డిస్కైనా ఆడిస్తుంది, కానీ దాని లెక్కలో ఆ రెండూ రెండు వేర్వేరు ఆటలు. ఒకదాని సేవ్ ఇంకోదానికి కనపడదు. అట్ట చూసినా తెలిసిపోతుంది. ఈ ఆట అమెరికా డిస్క్ అట్ట మీద ఇంగ్లీషు 'E' అక్షరంతో వయసు రేటింగ్ ఉంటుంది, మన దగ్గర దొరికే వాటి మీద యూరప్ రేటింగ్ పెగీ 3 అని ఉంటుంది. అదనపు భాగాలకీ ఇదే లెక్క. వేరే దేశం డిస్క్‌కి ఇక్కడి స్టోర్‌లో కొన్నవి అతకవు.

పొలం భద్రంగానే ఉంది, తలుపే వేరు. ఆ మాట మా బామ్మర్దికి చెప్పాక గానీ ఇంట్లో ఎవరూ నిద్రపోలేదు.

సికింద్రాబాద్‌లో కంప్యూటర్ షాపులుండే సీటీసీలో రెండు సాయంత్రాలు తిరిగాను. దొరకలేదు. చివరికి ఓఎల్ఎక్స్‌లో కూకట్‌పల్లి కుర్రాడొకడు అమ్మకానికి పెట్టాడు. "తమ్ముడూ, డిస్క్ మీద నంబరు కనపడేలా ఒక ఫోటో పెట్టవా" అని వాట్సాప్‌లో అడిగాను. ఫోటో పెద్దది చేసి, లాప్‌టాప్‌లో ఫోల్డర్ పేరు పక్కన పెట్టుకుని, ఒక్కో అంకె వేలితో సరిచూసుకున్నాను. అయిదూ కలిశాయి. 900 రూపాయలు. అతను ఎందుకింత పట్టింపు అని అడిగితే నాన్న సంగతి చెప్పాను. డిస్క్ మెత్తటి గుడ్డలో చుట్టి ఇచ్చాడు.

ఈసారి తొందరపడలేదు. డిస్క్ ఎక్కించాక ఆట తెరవకుండా అప్‌డేట్ మొత్తం దిగేదాకా ఆగాను. అప్‌డేట్లకి సబ్‌స్క్రిప్షన్ అక్కర్లేదు. నాన్న సేవ్ చివరి వెర్షన్‌లో చేసింది, డిస్క్ మీద ఉన్నది మొదటి వెర్షన్, కొత్త సేవ్‌ని పాత ఆట తీసుకోకపోవచ్చని భయం. దిగాక తెరిచాను. మొదటి గడిలోనే నాన్న పొలం, డబ్బు ఎంతుందో, చివరగా ఎప్పుడు సేవ్ చేశాడో అన్నీ ఉన్నాయి.

ఇదంతా అయ్యాక ఆఫీసులో చెబితే ఒకతను అన్నాడు, అదే ఫార్మింగ్ సిమ్యులేటర్ 19ని 2020 జనవరి చివర్లో ఎపిక్ అనే ఆటల స్టోర్ కంప్యూటర్‌లో ఆడేవాళ్ళకి ఒక వారంపాటు ఉచితంగా ఇచ్చిందని. ఆ వారం క్లెయిమ్ చేసుకున్నవాళ్ళకి ఈరోజుకీ ఉంది, నెలవారీ కట్టేదేం లేదు. అమెజాన్ ప్రైమ్‌తో క్లెయిమ్ చేసుకున్న పీసీ ఆటలు కూడా ప్రైమ్ మానేశాక పోవు. నెలవారీ కట్టే హంబుల్ చాయిస్‌లో వచ్చే స్టీమ్ కీలూ (స్టీమ్ అనే ఆటల స్టోర్‌లో ఆటని మన ఖాతాలో చేర్చే కోడ్‌లు) అంతే. మైక్రోసాఫ్ట్ వాళ్ళ గేమ్ పాస్, యాపిల్ వాళ్ళ ఆర్కేడ్ మాత్రం అద్దె ఇల్లు లాంటివి, కట్టడం ఆపితే ఖాళీ చెయ్యాల్సిందే. మైక్రోసాఫ్ట్ కన్సోల్ ఎక్స్‌బాక్స్‌లో నెలనెలా ఆటలిచ్చిన పాత పథకం గేమ్స్ విత్ గోల్డ్ కింద తీసుకున్న ఎక్స్‌బాక్స్ 360 ఆటలు ఉండిపోయాయి, ఎక్స్‌బాక్స్ వన్ ఆటలు సబ్‌స్క్రిప్షన్‌తో ముడిపడి ఉన్నాయి. ఒకే పథకం, ఒకే "క్లెయిమ్" బటన్, రెండు రకాల నియమాలు. "క్లెయిమ్" అనే మాటకి ఇన్ని అర్థాలుండటం నాకు న్యాయంగా అనిపించదు. 2025 జనవరి నుంచి కాలిఫోర్నియాలో ఒక చట్టం అమల్లోకి వచ్చింది. లైసెన్స్ మాత్రమే ఇస్తున్నప్పుడు ఆ సంగతి కొనేవాళ్ళకి స్పష్టంగా చెప్పాలని. అలాంటిది మనకీ రావాలి. నాన్నలాంటి వాళ్ళకి ఆ తేడా ఎవరు చెబుతారు?

భోగి ముందు రోజు కన్సోల్‌ని బట్టల మధ్య పెట్టి ఊరికి తీసుకెళ్ళాం. మా ఊళ్ళో ఇంటికి నెట్ లేదు. డిస్క్ పెట్టాను, ఏ అడ్డూ లేకుండా తెరుచుకుంది. నాన్న మంచం టీవీ దగ్గరికి జరుపుకుని, మోకాలి కింద దిండు పెట్టుకుని, కళ్ళజోడు తుడుచుకున్నాడు. అమ్మ బియ్యప్పిండి జల్లిస్తూ ఒక కన్ను ఇటు వేసింది.

తెర మీద పదో నంబరు చేను తెల్లగా విచ్చుకుని ఉంది, పోయిన మేలో వదిలిపెట్టినప్పటిలాగే.

"తీతకొచ్చి ఇన్నాళ్ళయిందే" అన్నాడు నాన్న, నా వైపు చూడకుండా. "మిషన్ యాడ పెట్టావురా?"