పొట్ట లేస్తే ఒకటి

ఈరోజు పెద్దగా ఏమీ జరగలేదు. మిర్యాలగూడలో డిసెంబరు పొద్దులన్నీ ఇంచుమించు ఇట్లనే ఉంటాయి. కాస్త మంచు, మిల్లుల వైపు నుంచి సన్నటి దుమ్ము, ఇంట్లో ఎవరో ఒకరికి దగ్గు. రాసుకోవాల్సింది ఒక్కటే, ఆశా కార్యకర్త వచ్చి మనవడి ఊపిరి లెక్కపెట్టి పోయింది.

కాన్పుకు వచ్చిన మా బిడ్డకు రాత్రంతా నిద్ర లేదు. పిల్లగాడు గబగబా నాలుగైదు ఊపిర్లు తీస్తాడు, కాసేపు ఆగుతాడు, మళ్లీ మొదలుపెడతాడు. "అమ్మా, వీడు ఆగుతున్నడే" అని నన్ను లేపుతూనే ఉంది. దానికి తోడు ముక్కు దిబ్బడేసి గుర్రుగుర్రుమంటోంది. అల్లుడేమో వీడియో తీసి పంపమని ఫోన్ల మీద ఫోన్లు. ఎవరి టెన్షన్ వాళ్లది.

కాన్పు అయిన ఇంటికి ఆశాలు 3, 7, 14, 21, 28, 42 రోజుల్లో రావాలి. మాకు ఈరోజు ఆఖరిది. ఆమె వచ్చేసరికి వాడు ఏడుపు. "పాలు తాగి పండుకోనీ అక్కా, ఏడ్సేటప్పుడు చూస్తే లెక్క తప్పుతది" అని చాయ్ తాగుతూ కూర్చుంది. వాడు నిద్రపోయాక చొక్కా పైకి జరిపి, గడియారం పక్కన పెట్టుకుని పొట్ట వైపే చూసింది. పొట్ట లేస్తే ఒకటి. ఇంత చిన్నపిల్లలు ఎక్కువగా పొట్టతోనే ఊపిరి తీస్తారట. అర నిమిషం చూసి రెండింతలు చేస్తే సరిపోదా అన్నాను. ఒప్పుకోలేదు. వీళ్ల ఊపిరి ఒక్కతీరుగా ఉండదు, నిండా నిమిషం చూడాల్సిందే అంది. 46 వచ్చింది.

రెండు నెలల లోపు పిల్లలకు నిమిషానికి 60, ఆపైన వస్తే వేగం ఎక్కువున్నట్టు. ఇంకోసారి లెక్కపెట్టినా అంతే వస్తే దవాఖానకు తీసుకుపోవాలి. రెండు నెలలు నిండి ఏడాది లోపు వాళ్లకు హద్దు 50, ఏడాది నుంచి ఐదేళ్ల లోపు 40. మా బిడ్డను భయపెట్టిన ఆ ఆగడం ఐదు పది సెకన్లయితే పసిపిల్లల్లో మామూలే. ఇరవై దాటినా, ఆగినప్పుడు నీలంగా మారినా, ఒళ్లు వేలేసినా మామూలు కాదు.

లెక్క ఒక్కటే చూసి ఊరుకోలేదు. ఊపిరి లోపలికి తీసేటప్పుడు ఛాతీ కింది భాగం లోపలికి గుంజుకుపోతోందా అని వంగి చూసింది. పక్కలు ఎగరేస్తున్నడని మా అత్త అంటుండేది దీన్నే. ముక్కుపుటాలు అదరడం, ఊపిరి వదిలినప్పుడల్లా మూలగడం, పాలు పట్టకపోవడం, పెదాలు నీలబడడం, వీటిలో ఏ ఒక్కటి కనబడినా లెక్కపెడుతూ కూర్చోవద్దు, బయల్దేరాలి. ఇంత చిన్నవాడికి జ్వరం వచ్చినా, ఒళ్లు చల్లబడినా అంతే. ముక్కు చప్పుడుకు ఇల్లంతా లేచి కూర్చుంటాం గానీ, చప్పుడు లేకుండా పక్కలు ఎగరేసే పిల్లల్ని నిద్రపోతున్నారులే అని వదిలేస్తాం. నాకు అదే భయం.

నీళ్లు పోసే అవ్వతో మాత్రం కొంచెం మాటామాటా అయింది. స్నానం కాగానే సాంబ్రాణి పొగ పట్టాలంటుంది, ముక్కులో నూనె చుక్కలు వేయాలంటుంది. పొగ పిల్లగాడికీ మంచిది కాదు, పక్క గదిలో మామయ్యకూ మంచిది కాదు. నూనె ముక్కులో నుంచి ఊపిరితిత్తుల్లోకి జారితే అక్కడే నిమోనియా. ముక్కు దిబ్బడకు ఉప్పునీటి చుక్కలు చాలు, అవి మందుల షాపులో దొరుకుతాయి. "మీరందరూ పొగలోనే పెరిగిన్రు" అని అవ్వ గొణిగింది. నిజమే, దగ్గుకుంటూ పెరిగాం.

మామయ్య సంగతి వేరు. ఏండ్ల తరబడి రైస్ మిల్లులో హమాలీ, పైన బీడీలు. సీఓపీడీ, అంటే ఊపిరి గొట్టాలు ఇరుకై ఎప్పుడూ ఆయాసం ఉండే జబ్బు అని డాక్టరు ఎప్పుడో చెప్పాడు. కుదురుగా కూర్చున్న పెద్దవాళ్లకు నిమిషానికి 12 నుంచి 20 మామూలు. ఆయనవి లెక్కపెడుతున్నట్టు తెలియనీయకూడదు, తెలిస్తే ఊపిరి నడక మార్చేస్తాడు. నాడి చూస్తున్నట్టు చెయ్యి పట్టుకుని, ఆయన టీవీలో వార్తలు చూస్తుంటే నేను ఛాతీ చూశాను. 22. ఆయనకు అది రోజూ ఉండేదే. మెట్లెక్కి వస్తే పెదాలు ముడిచి, ఈల వేసేటట్టు మెల్లగా గాలి వదులుతాడు. ఫిజియోథెరపీ అమ్మాయి నేర్పింది, పనిచేస్తోంది.

రక్తంలో ఆక్సిజన్ శాతం చూడడానికి కరోనా అప్పుడు కొన్న ఆక్సీమీటరు వేలికి పెడితే మొదట 86 చూపించింది. మా బిడ్డ గాబరా పడింది. వేళ్లు మంచుగడ్డలు, అంతే. చేతులు రుద్ది, వెచ్చబడ్డాక పెడితే 93. మామూలు రోజుల్లో ఆయనకు ఉండేది అంతే. నాలుగు మాటలు ఒక్క ఊపిరిలో అనలేకపోతే, మెడ నరాలు గుంజుకుపోతుంటే, మత్తుగా అయినా అయోమయంగా మాట్లాడినా మీటరుతో పనిలేదు, 108కి ఫోన్ చేయాలి. ఆ నంబరు ఫ్రిజ్ మీద పెద్దక్షరాల్లో రాసి అంటించాను. మతిమరుపు నాకు కాదు, మా ఆయనకు.

పోయేముందు ఆశమ్మ శనివారం టీకాలకు తీసుకురమ్మంది. నెలన్నర టీకాల్లో నిమోనియాకు పీసీవీ కూడా ఉంది. మళ్లీ 14 వారాలకు, తొమ్మిది నెలలకు వేస్తారు. జలుబు ఉంది కదా, వాయిదా వేద్దామా అని మా బిడ్డ అడిగింది. ఉత్త జలుబుకు ఆపక్కర్లేదట. శనివారం పది గంటలకు పోతాం, ఆటో మాట్లాడాలి.