స్టూవర్ట్ వంశాన్ని 1603 నుంచి కాదు, 1371 నుంచి చదవండి: నా జేఎల్ హిస్టరీ ప్రిపరేషన్ అనుభవం

జేఎల్ (జూనియర్ లెక్చరర్) హిస్టరీకి చదువుతున్న మిత్రులందరికీ నమస్తే. మొదటిసారి రాసినప్పుడు ప్రపంచ చరిత్రలో నాకు పోయిన మార్కుల్లో ఎక్కువ భాగం ఇంగ్లండ్ దగ్గరే పోయాయి. నేను వెళ్లిన కోచింగ్‌లో ఇచ్చిన నోట్సులో స్టూవర్ట్ వంశం మొత్తం అరపేజీ. 1603 మొదటి జేమ్స్, 1625 మొదటి ఛార్లెస్, 1649 శిరచ్ఛేదం, 1660 పునరుద్ధరణ, 1688 విప్లవం. అంతే. నేనూ అంతే బట్టీ పట్టాను. ఒక గ్రాండ్ టెస్టులో జతపరచండి ప్రశ్నలో 'ఆరో జేమ్స్' అని కనిపించగానే చెయ్యి ఆగిపోయింది. నాకు తెలిసింది ఇద్దరు జేమ్స్‌లే. ఈ ఆరోవాడు ఎక్కణ్ణుంచి వచ్చాడో తెలియలేదు.

అతను స్కాట్లండ్ నుంచి వచ్చాడు. ఇంగ్లండ్‌కి మొదటి జేమ్స్ అయ్యేసరికే స్కాట్లండ్‌ని 36 ఏళ్లుగా ఏలుతున్న ఆరో జేమ్స్ అతను. ఈ ఒక్క సంగతి ముందే తెలిసి ఉంటే నా చదువు వేరేలా సాగేది. రెండోసారి ప్రిపరేషన్‌లో చిక్కడపల్లి సెంట్రల్ లైబ్రరీలో మూడు రోజులు కూర్చుని ఈ వంశాన్ని మొదటి నుంచి చదివాను. పాత గోడ క్యాలెండర్ పేజీ తిరగేసి, వెనకాల తెల్లగా ఉన్నవైపు వంశవృక్షం గీశాను. అప్పుడు దొరికిన కిటుకే మీకు చెప్పాలనుకుంటున్నాను. ఇంగ్లిష్ పుస్తకాల్లో 'కజిన్', 'నెఫ్యూ' అని ఉన్న ప్రతిచోటా ఆ బంధుత్వాన్ని మన మాటలో రాసుకోండి. మేనమామ, మేనత్త, మేనల్లుడు, బావ. రాజ్యం ఎవరి చేతి నుంచి ఎవరి చేతికి ఎందుకు మారిందో ఆ మాటల్లోనే తెలిసిపోతుంది.

అసలు ఈ వంశం పేరే ఒక ఉద్యోగం పేరు. స్టీవార్డ్ అంటే రాజుగారి ఇంటి వ్యవహారాలు చూసే పెద్ద అధికారి. 12వ శతాబ్దంలో స్కాట్లండ్ రాజు మొదటి డేవిడ్ కాలంలో వాల్టర్ ఫిట్జ్ అలన్ అనే అతను స్కాట్లండ్ చేరాడు. ఆయన పూర్వీకులది ఫ్రాన్స్‌లోని బ్రిటనీ, అక్కడ కూడా వాళ్లది ఇదే కొలువు. స్కాట్లండ్‌లో ఈ పదవి వాళ్లకి వంశపారంపర్యమైంది. మన దగ్గర కరణం, పట్వారీ, దేశ్‌ముఖ్ ఇంటిపేర్లైనట్టే అక్కడ స్టీవార్డ్ స్టీవర్ట్ అయింది. ఫ్రాన్స్‌లో పెరిగిన స్కాట్లండ్ రాణి మేరీ కాలంలో ఫ్రెంచివాళ్ల స్పెల్లింగుతో స్టూవర్ట్‌గా స్థిరపడింది.

1314లో బానక్‌బర్న్ యుద్ధంలో స్కాట్లండ్ రాజు రాబర్ట్ బ్రూస్ ఇంగ్లండ్ సైన్యాన్ని ఓడించాడు. మరుసటి ఏడాది తన కూతురు మార్జరీని ఆరో స్టీవార్డ్ వాల్టర్‌కిచ్చి పెళ్లి చేశాడు. వాళ్లకి 1316లో రాబర్ట్ పుట్టాడు. మార్జరీ చిన్న వయసులోనే పోయింది. తర్వాత 1324లో బ్రూస్‌కి రెండో భార్య వల్ల డేవిడ్ పుట్టాడు. అంటే మేనమామ కంటే మేనల్లుడు ఎనిమిదేళ్లు పెద్ద. ఆ మేనమామ రెండో డేవిడ్‌గా ఏలి 1371లో సంతానం లేకుండా చనిపోయాడు. 55వ ఏడు దగ్గరపడ్డ మేనల్లుడు రెండో రాబర్ట్‌గా గద్దెనెక్కాడు. స్టీవర్ట్ పాలన మొదలైంది ఇక్కడ. 1371 అని ఎర్ర ఇంకుతో రాసుకోండి.

తర్వాత నా చార్టులో ఒక గడి అదనంగా పెట్టాను: రాజరికం దక్కేనాటికి వయసు. అది నింపుతుంటే నాకే ఆశ్చర్యం వేసింది. స్కాట్లండ్ మొదటి జేమ్స్ (ఇంగ్లండ్ మొదటి జేమ్స్ వేరు) 11 ఏళ్లవాడు, పైగా అప్పటికే ఇంగ్లండ్ చేతిలో బందీ. 1406లో పట్టుబడినవాడు 18 ఏళ్ల తర్వాత, 1424లో గానీ ఇంటికి రాలేదు. రెండో జేమ్స్‌కి ఆరేళ్లు. మూడో జేమ్స్ పదేళ్ల లోపువాడు. నాలుగో జేమ్స్‌కి 15. ఐదో జేమ్స్‌కి 17 నెలలు. మేరీకి ఆరు రోజులు. ఆరో జేమ్స్‌కి 13 నెలలు. వరసగా ఏడుగురు మైనర్లు! వీళ్ల తండ్రులు ఎలా పోయారో కూడా పక్కనే రాసుకుంటే ఒక్క తేదీ మర్చిపోరు. 1437లో పెర్త్‌లో హంతకులు మీద పడితే మొదటి జేమ్స్ గది కింది మురుగు తూములోకి దిగాడు. టెన్నిస్ బంతులు అందులో పడి పోతున్నాయని ఆ తూము చివర కొద్దిరోజుల ముందే తనే మూయించాడు. బయటికి దారిలేక అక్కడే హతమయ్యాడు. రెండో జేమ్స్ 1460లో రాక్స్‌బర్గ్ ముట్టడిలో తన ఫిరంగే పేలి పోయాడు. మూడో జేమ్స్ 1488లో సొంత కొడుకును ముందు పెట్టుకుని వచ్చిన తిరుగుబాటుదారుల చేతిలో, నాలుగో జేమ్స్ 1513లో ఫ్లాడెన్ యుద్ధభూమిలో.

ఇన్నిసార్లు పసివాళ్లు గద్దెనెక్కినా వంశం ఎందుకు కూలలేదు? దీనిమీద వ్యాసం రాయాల్సివస్తే నేను రాసే జవాబు ఇది. ప్రభువులు కొట్టుకున్నది కిరీటం కోసం కాదు, పిల్లరాజు ఎవరి సంరక్షణలో ఉండాలన్న దాని కోసం. రాజును చేతిలో పెట్టుకున్నవాడికి పెత్తనం దొరికేది. కిరీటం మాత్రం ఆ బిడ్డదే. పైగా రాజుకి యుక్తవయసు రాగానే తన మైనారిటీలో పంచిపెట్టిన భూములను, పదవులను రద్దుచేసి వెనక్కి తీసుకునే హక్కు ఉండేది. కాబట్టి ప్రతి తరంలోనూ రాజరికం మళ్లీ పుంజుకునేది. ఈ రద్దు హక్కు గుర్తుపెట్టుకోండి, కింద మళ్లీ వస్తుంది.

ఇక 1603. నాలుగో జేమ్స్ 1503లో ఇంగ్లండ్ రాజు ఏడో హెన్రీ కూతురు మార్గరెట్ ట్యూడర్‌ని పెళ్లాడాడు. ఆమె తమ్ముడు ఎనిమిదో హెన్రీ, అతని కూతురు ఎలిజబెత్. అంటే మార్గరెట్ ఎలిజబెత్‌కి మేనత్త. మార్గరెట్ కొడుకు ఐదో జేమ్స్, మనవరాలు మేరీ, మునిమనవడు ఆరో జేమ్స్. పెళ్లే చేసుకోని ఎలిజబెత్ 1603 మార్చిలో చనిపోతే రాజ్యం మేనత్త మునిమనవడికి వచ్చింది. ఇంకొకటి చూడండి. మేరీ పెళ్లాడిన డార్న్‌లీ ఎవరు? అదే మార్గరెట్‌కి రెండో పెళ్లి వల్ల పుట్టిన కూతురి కొడుకు. మేరీకి మేనత్త కొడుకు, వరసకి బావ. 1565లో జరిగింది అచ్చమైన మేనరికం. ఇంగ్లండ్ గద్దె మీద ఇద్దరి హక్కూ వాళ్లకి పుట్టిన ఒక్క బిడ్డలో కలిసింది. ఎలిజబెత్‌కి ఆ పెళ్లి ఎందుకు అంత కోపం తెప్పించిందో ఇది గీస్తేగానీ నాకు అర్థం కాలేదు. ఆ కాపురం నిలవలేదు. 1567లో డార్న్‌లీ హత్య, మేరీ పదవీత్యాగం, తర్వాత ఇంగ్లండ్‌లో 19 ఏళ్ల నిర్బంధం, 1587లో శిరచ్ఛేదం. ఆమె కథ చదివిన రోజు నేను ఇంకేమీ చదవలేకపోయాను. ఆరు రోజుల వయసులో మొదలైన రాణి జీవితం అది.

మొదటి ఛార్లెస్ భాగానికి చాలామంది షిప్ మనీ (పార్లమెంటు అనుమతి లేకుండా వసూలు చేసిన నౌకా పన్ను), 1628 హక్కుల విజ్ఞాపన మాత్రమే రాస్తారు. అవి ముఖ్యమే. కానీ నిప్పు రాజుకుంది స్కాట్లండ్‌లో. పైన చెప్పిన రద్దు హక్కును ఛార్లెస్ 1625లో వాడాడు. మైనర్‌గా గద్దెనెక్కకపోయినా, ఏకంగా 1540 నుంచి ఇచ్చిన భూముల మీద ప్రయోగించాడు. స్కాట్ ప్రభువులు ఒక్కసారిగా బెదిరిపోయారు. 1637లో ఇంగ్లండ్ తరహా ప్రార్థనా పుస్తకాన్ని వాళ్ల చర్చిపై రుద్దాడు. ఎడిన్‌బరో సెయింట్ గైల్స్ చర్చిలో ఆరోజే గలభా. 1638లో ఆ మార్పులను ఎదిరిస్తామని స్కాట్లు చేసుకున్న జాతీయ ఒడంబడిక. 1639, 1640లో ఛార్లెస్‌కీ స్కాట్లకీ మధ్య బిషప్‌ల యుద్ధాలు. యుద్ధానికి డబ్బు కావాలి, డబ్బుకి పార్లమెంటు కావాలి. 11 ఏళ్లు పార్లమెంటు లేకుండా ఏలినవాడు 1640లో దాన్ని పిలవక తప్పలేదు. 1642లో అంతర్యుద్ధం, 1649 జనవరి 30న వైట్‌హాల్‌లో వధ్యశిల. చలికి వణికితే భయపడ్డాడనుకుంటారని ఆ ఉదయం రెండు చొక్కాలు వేసుకున్నాడు. మెయిన్స్ తరహా జవాబులో ఈ గొలుసు మొత్తం వరసగా రాయండి.

1688కి మళ్లీ మన మాటలే ఆదుకుంటాయి. డచ్ పాలకుడు ఆరెంజ్ విలియం ఇంగ్లండ్ రెండో జేమ్స్‌కి (మొదటి ఛార్లెస్ కొడుకు; 1460లో పోయిన రెండో జేమ్స్ కాదు) సొంత అక్కచెల్లెళ్లలో ఒకరి కొడుకు. జేమ్స్ కూతురు మేరీని పెళ్లాడాడు. అంటే మేనల్లుడే అల్లుడు, మళ్లీ మేనరికం. జేమ్స్‌కి కొడుకు పుట్టేదాకా కేథలిక్ రాజుని ఎలాగో భరిస్తే తర్వాత ప్రొటెస్టెంట్ కూతురే వస్తుందని జనం ఓపిక పట్టారు. 1688 జూన్‌లో కొడుకు పుట్టాడు. నవంబరు 5న విలియం సైన్యంతో ఇంగ్లండ్ తీరంలోని టోర్‌బేలో దిగాడు, జేమ్స్ పారిపోయాడు. 1689 హక్కుల బిల్లు, గద్దె ప్రొటెస్టెంట్లకే అన్న 1701 వారసత్వ చట్టం, 1707లో రెండు రాజ్యాల విలీనం. గద్దె మీద చివరి స్టూవర్ట్ మేరీ చెల్లెలు ఆన్ రాణి. పదిహేడుసార్లు గర్భం దాల్చినా ఒక్క బిడ్డా దక్కలేదు. 1714లో ఆమె పోగానే గద్దె హానోవర్ జార్జ్‌కి వెళ్లింది. అతను కూడా ఇంగ్లండ్ మొదటి జేమ్స్ కూతురి కూతురి కొడుకే. ఐదో జేమ్స్ చనిపోతూ కిరీటం గురించి "ఆడపిల్లతో వచ్చింది, ఆడపిల్లతోనే పోతుంది" అన్నాడని చెబుతారు. మేరీ విషయంలో అది నిజం కాలేదు. మార్జరీతో వచ్చింది ఆన్‌తో పోయింది.

చార్టులో చివరి గడి భారతదేశానికి వదలండి. మన పేపర్లో ప్రపంచ చరిత్ర, భారతదేశ చరిత్ర రెండు చోట్లా పనికొస్తుంది. ఈస్టిండియా కంపెనీ మచిలీపట్నంలో వర్తక స్థావరం పెట్టిన 1611లో ఇంగ్లండ్ రాజు మొదటి జేమ్సే. జహంగీర్ దర్బారుకి థామస్ రోని పంపిందీ ఆయనే. 1632లో గోల్కొండ సుల్తాన్ కంపెనీకి ఇచ్చిన బంగారు ఫర్మానా, 1639లో దామర్ల వెంకటాద్రి నాయకుడి దగ్గర మద్రాసు స్థలం దక్కడం మొదటి ఛార్లెస్ కాలం. బొంబాయి రెండో ఛార్లెస్‌కి పోర్చుగల్ కట్నం, 1668లో ఏడాదికి 10 పౌండ్లకు కంపెనీకి ఇచ్చేశాడు. నా చార్టులో మచిలీపట్నం, ఎడిన్‌బరో ఒకే అడ్డగీత మీద ఉన్నాయి. మీ చార్టులో కూడా అలాగే గీసుకోండి.