డోర్నకల్‌లో ఈసారి బయటికి వెళ్లాను

డోర్నకల్ అంటే నాకు చిన్నప్పటి నుంచీ బండి మారే స్టేషనే. కొత్తగూడెంలో పెద్దమ్మ వాళ్లింటికి పోవాలంటే ఇక్కడ దిగి, భద్రాచలం రోడ్ బండి కోసం కాచుకోవాలి. సామాన్ల మీద కూర్చుని పల్లీలు నమలడమే తప్ప, గేటు అవతల ఒక ఊరుందన్న ఆలోచనే ఉండేది కాదు.

ఈసారి పని గట్టుకుని దిగాను. కారణం విజయవాడలోని బిషప్ అజరయ్య హైస్కూల్ బోర్డు. మొన్న దాని ముందు నుంచి వెళ్తుంటే మా అమ్మాయి "అజరయ్య ఎవరు నాన్నా?" అంది. "ఎవరో దొరల కాలం నాటి ఫాదర్ లే" అని దాటేశాను. ఇంటికెళ్లి చదివితే సిగ్గేసింది. ఆయన దొరా కాదు, తెలుగువాడూ కాదు. 1874లో తిరునల్వేలి వైపు వెల్లాలన్‌విళై అనే పల్లెలో పుట్టిన తమిళుడు. ఇంగ్లండు చర్చి శాఖ అయిన ఆంగ్లికన్ సంఘంలో బిషప్ అయిన మొదటి భారతీయుడు. ఆయన పనిచేసింది ఈ డోర్నకల్‌లోనే.

బండి గంటన్నర లేటు. ఖమ్మం దాటాక ఎక్కడో పొలాల మధ్య ఆగి కదల్లేదు. ఆ చిరాకుతో దిగితే ఆటో అతను "నూట యాభై ఇయ్యుండ్రి సార్" అన్నాడు. ఎక్కాక చూస్తే పది నిమిషాలు కూడా పట్టలేదు. విజయవాడ ఆటోలను ఇన్నాళ్లూ అనవసరంగా తిట్టుకున్నాను.

ఆయన కట్టించిన కెథడ్రల్, అంటే బిషప్ ఉండే పెద్ద చర్చి, కనబడగానే ఆ లెక్క మర్చిపోయాను. చర్చి అంటే నా కళ్లకు అలవాటైంది సూదిలాంటి గోపురం. ఇక్కడ గుమ్మటాలు, మినార్లలాంటి బురుజులు, లోపలికి వెళ్తే మన గుడి మండపంలో ఉండేలాంటి స్తంభాలు. నిజాం రాజ్యంలో, తెలుగు పల్లెల మధ్య, ఒక తమిళ బిషప్ దగ్గరుండి కట్టించుకున్న చర్చి మరి. ఏళ్ల తరబడి కట్టి 1939 జనవరి 6న, జ్ఞానులు బాల ఏసును చూడవచ్చినందుకు చేసుకునే ఎపిఫనీ పండుగ రోజే ప్రతిష్ఠించారు. పేరూ ఎపిఫనీ కెథడ్రలే.

లోపల ఒక పెద్దావిడ బెంచీలు తుడుస్తోంది.

"ఏ ఊరు బిడ్డా?"

"విజయవాడండీ. అజరయ్యగారి గురించి చదివి వచ్చాను."

ఆవిడ గుడ్డ పక్కన పెట్టి, ఉన్నట్టుండి కుడిచెయ్యి తల మీద పెట్టుకుంది. "మా తాత బాప్తిస్మం తీసుకున్ననాడు గిట్ల పెట్టి చెప్పిండంట, సువార్త చెప్పకపోతే నాకు శ్రమ అని. అందరితోటి గట్లనే చెప్పిచ్చేటోడంట అయ్యగారు." ఏసు మాట నలుగురికీ చెప్పకపోతే నాకు కీడే అని ఒట్టు లాంటిది. నేను చదివిందీ అదే. కానీ చదివినప్పుడు ఆ చెయ్యి కనబడలేదు. వేళ్లు కాయలు కాసి, తడి గుడ్డ వాసనతో, నెరిసిన జుట్టు మీద ఆ చెయ్యి అలా ఉండిపోయింది. తాత మాదిగ పల్లెవాడట, చదువు లేదట. అలాంటివాళ్ల కోసమే అజరయ్య ఎడ్లబండి మీదా సైకిల్ మీదా ఊళ్లు తిరిగింది.

1909లో ఇక్కడికి వచ్చేనాటికి ఆయనకు దాదాపు ముప్పై అయిదేళ్లు. ఆ వయసులో కూర్చుని తెలుగు నేర్చుకున్నాడు. నేను చెన్నైలో నాలుగేళ్లు ఉద్యోగం చేసి "కొంజం కొంజం" దగ్గరే ఆగిపోయాను!

మరుసటి ఏడాది ఎడిన్‌బరోలో ప్రపంచ మిషనరీల సభ. అక్కడ లేచి, మీరు ఆస్తులిచ్చారు, ప్రాణాలూ ఇచ్చారు, మాకు ప్రేమ కూడా కావాలి, స్నేహితుల్ని ఇవ్వండి అన్నాడు. తెల్లవాళ్ల ముఖం మీదే అడగడమంటే ఆ రోజుల్లో మాటలా? సభలో కొందరికి అది అస్సలు నచ్చలేదు. అయినా 1912 డిసెంబర్ 29న కలకత్తా సెయింట్ పాల్స్ కెథడ్రల్‌లో ఆయన్ను బిషప్‌గా అభిషేకించారు. వేర్వేరు మిషన్ల సంఘాలన్నీ ఒకటి కావాలని చివరిదాకా తిరిగాడు. 1945 జనవరి 1న ఇక్కడే పోయాడు. అలా సంఘాలు కలిసి సీఎస్ఐ, అంటే చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా, ఏర్పడింది 1947 సెప్టెంబర్‌లో. ఇంకో మూడేళ్లు ఉండి ఉంటే చూసేవాడు.

బయటికి వస్తుంటే ఆవిడ వెనక నుంచి పిలిచింది. "మీ ఊర్ల అయ్యగారి పేరు మీద బడి ఉందంట గద, పిల్లలు మంచిగ వస్తున్నరా?"

బోర్డు తప్ప నేనెప్పుడూ లోపలికి చూడలేదు. "వస్తున్నారమ్మా" అనేశాను. స్టేషన్‌కు నడిచే వెళ్లాను.